పాటలాంటి పేరు: కేరల్

(మన పేర్లు – వాటి అర్థములు)



డిసెంబరు నెలలో ఆడబిడ్డ పుడితే క్రిస్మసును గుర్తుచేసే పేరు పెట్టాలని మన సంఘాలలో చాలామంది తల్లిదండ్రులకు ఆశ. స్టార్, ఏంజెల్, గ్లోరీ వంటి పేర్ల మధ్య కేరల్ అన్న పేరు కూడా అప్పుడప్పుడు వినబడుతుంది. "అయ్యగారూ, పాపకి కేరల్ అని పెట్టినాము. పిలిచేదానికి బాగుంది. దానికి అర్థమేమి?" అని ఆదోని, ఎమ్మిగనూరు చుట్టుపట్ల పల్లెల్లో తల్లులు అడుగుతుంటారు. ముందు పేరు పెట్టి తరువాత అర్థం అడగడం మన అలవాటు. అయినా అడగడం మంచిదే. ఈ నెల ఆ పేరు సంగతి చూద్దాము.

కేరల్ అంటే క్రిస్మస్ పాట అని మనలో అందరూ అనుకుంటారు. అది సగం నిజం. ఈ పేరులో రెండు వేర్వేరు మాటలు వచ్చి కలిశాయి. వినడానికి రెండూ ఒక్కటిగానే ఉంటాయి గాని పుట్టుక వేరు. మొదటిది పాట, రెండవది మనిషి.

ముందు పాట సంగతి. సుమారు 800 ఏళ్ళ క్రిందట ఫ్రెంచి భాషలో 'కరోల్' అంటే గుండ్రంగా నిలబడి, చేతులు పట్టుకొని, పాడుతూ ఆడే ఆట. ఒకరు ముందు పాడితే తక్కినవారు పల్లవి అందుకొని అడుగులు వేసేవారు. చెక్కభజన చూసిన మన పల్లెవారికి దీనిని విడమరచి చెప్పనక్కరలేదు. గ్రీకు భాషలో గుంపు నాట్యానికి పిల్లనగ్రోవి ఊదేవానికి ఒక పేరు ఉండేది. ఈ మాట అక్కడినుండి వచ్చిందని చాలామంది పండితుల అభిప్రాయము.

సుమారు 1300 నాటికి ఈ మాట ఇంగ్లీషులోకి వెళ్ళింది. అప్పటికి దీనికీ క్రిస్మసుకూ ప్రత్యేకమైన సంబంధం లేదు. ఏ పండుగకైనా జనం పాడుకునే పాట కేరలే. గుడి ఆవరణలో ఇలా గంతులు వేయకూడదని ఆ కాలపు సంఘ పెద్దలు పలుమార్లు ఆజ్ఞలు జారీ చేశారు. జనం మాత్రం పాడటం మానలేదు. కాలక్రమేణ ఆట వెనుకబడి పాట మిగిలింది, ఆ పాట క్రిస్మసు పాటగా స్థిరపడింది. ఫ్రెంచివారు మాత్రం క్రిస్మసు పాటను ఇప్పుడు 'నోయెల్' అంటారు. పుట్టుకకు సంబంధించినది అనే అర్థమిచ్చే లాటిన్ మాట నుండి అది వచ్చింది. మన సంఘాలలో నోయెల్ అనే పేరుగల కుర్రవాళ్ళు ఎందరో ఉన్నారు. వారు కూడా తెలియకుండానే ఒక పాట పేరు మోస్తున్నారు.

పాట, ఆట కలిసి దేవుని స్తుతించడం బైబిలుకు కొత్త కాదు. నిర్గమకాండము 15వ అధ్యాయములో సముద్రము దాటిన తరువాత మిర్యాము తంబుర చేతపట్టగా స్త్రీలందరూ నాట్యముతో ఆమె వెంట వెళ్ళారు. విడుదల పొందినవారు పాడిన పాట అది. ఈ సంగతి జ్ఞాపకముంచుకోండి, దీని అవసరం ముందు ఉన్నది.

ఇక రెండవ మాట, అంటే మనిషి సంగతి. ఫ్రెంచివారు ఆడపిల్లకు పెట్టే 'కరోల్' అన్న పేరు నిజానికి పాట నుండి వచ్చినది కాదు. 'కార్ల్' అనే పురుషుని పేరు నుండి వచ్చింది. ఉత్తర ఐరోపాలోని పాత జర్మను భాషలలో ఆ మాటకు మనిషి అని అర్థం. దొర కాడు, బానిసా కాడు; స్వేచ్ఛగల సామాన్యుడు, తన భూమి తాను దున్నుకునే రైతు. దానిని లాటిన్‌లో కరోలుస్ అని వ్రాశారు. దాని నుండి కరోలా, కరోలిన్, కరోల్ వచ్చాయి. చార్లెస్, షార్లెట్ కూడా ఈ కుటుంబపు పేర్లే. పోలండు దేశములో కరోల్ మగవాని పేరు. 1978లో పోపు అయిన రెండవ జాన్ పాల్ గారికి తల్లిదండ్రులు పెట్టిన పేరు అదే. ఫ్రాన్సులో మాత్రం అది ఆడపిల్లల పేరు. 1960, 1970 దశకాలలో అక్కడ ఎన్నో ఇళ్ళలో వినిపించింది.

ఈ సామాన్యుని పేరు ఎంత దూరం వెళ్ళిందో చూడండి. కార్ల్ అనే ఒక రాజు పశ్చిమ ఐరోపాలో చాలా భాగాన్ని ఏలాడు. చరిత్ర పుస్తకాలలో ఆయన పేరు షార్లమేన్, అనగా గొప్ప చార్లెస్. 800వ సంవత్సరము క్రిస్మసు దినాన రోమాలో ఆయనకు చక్రవర్తిగా కిరీటము పెట్టారు. ఆయన కీర్తి ఎంతటిదంటే రష్యా, పోలండు, చెక్ భాషలలో రాజు అనే మాటే ఆయన పేరు నుండి పుట్టింది. అదే మాట ఇంగ్లాండులో మరొక దారి పట్టింది. అక్కడ మొదట స్వేచ్ఛగల రైతు అనే అర్థమున్న మాట కాలము గడిచేకొద్దీ మొరటువాడు, మర్యాద తెలియనివాడు అనే తిట్టుగా మారిపోయింది.

ఒకే మాట ఒకచోట రాజు, మరొకచోట తిట్టు! మాటలో తేడా లేదు, దానిని పలికినవారి చూపులో తేడా. కష్టపడి బ్రదికే మనిషి పేరును తిట్టుగా వాడటం మన ఊళ్ళల్లోనూ లేకపోలేదు. ఆ నొప్పి మనలో చాలామందికి తెలుసు. అలాంటి మనకు ఈ పేరు చరిత్ర దూరదేశపు కథలాగా ఉండదు.

ఇంకొక సంగతి. ఫ్రెంచివారంటే మనకు సంబంధము లేనివారు అనుకోవద్దు. 1770ల దశకంలో ఆదోని కోట నిజాము సోదరుడు బసాలత్ జంగ్ చేతిలో ఉన్నప్పుడు, లాలీ అనే ఫ్రెంచి సేనాని నడిపిన దండు ఆయన కొలువులో ఉండేది. 1779లో ఇంగ్లీషువారితో కుదిరిన ఒప్పందం వలన ఆ దండును ఆయన వదులుకోవలసి వచ్చింది. 1800లో ఈ సీమ అంతా కంపెనీవారి పాలనలోకి వెళ్ళింది. కాబట్టి ఫ్రెంచి మాట ఆదోని బజారులో ఒకప్పుడు వినబడినదే. అయితే కేరల్ అన్న పేరు వారు వదిలి వెళ్ళింది కాదు. అది మనకు ఇంగ్లీషు ద్వారా, క్రిస్మసు పాటల వెంట వచ్చింది. అందుకే మన నోట ఫ్రెంచి కరోల్ కాక ఇంగ్లీషు కేరల్ నిలిచింది.

ఇలాంటి సంగీతపు పేర్లు మరికొన్ని ఉన్నాయి. సంగీతకారులు తమ పునీతురాలిగా తలచే సిసిలియా పేరుకు లాటిన్‌లో గ్రుడ్డితనమును సూచించే మాట మూలము. మెలొడీ గ్రీకు మాట, పాట అని అర్థం. మన తెలుగులో కీర్తన ఉన్నది. కీర్తనల గ్రంథము ఇంట ఉన్నవారికి అంతకంటె దగ్గరి పేరు ఏముంటుంది? విదేశపు పేరే పెట్టాలన్న నియమమేమీ లేదు, పెట్టకూడదన్న నియమమూ లేదు.

కాబట్టి కేరల్ అని పేరు పెట్టిన తల్లికి నా జవాబు ఇది. అమ్మా, నీ బిడ్డ పేరు చెవికి పాట. మూలములో స్వేచ్ఛగల మనిషి. నీవు మొదటి అర్థమును తలచి పెట్టినావు. రెండవ అర్థము కూడా బిడ్డకు దక్కేలా చూడు.

ఎందుకు ఇలా అంటున్నానో మన ప్రాంతపు వారికి వేరుగా చెప్పనక్కరలేదు. డిసెంబరు రాత్రులలో నక్షత్రము కట్టి, డోలకు పట్టుకొని మన యౌవనస్థులు ఇంటింటికి కేరల్స్ పాడుతూ వెళ్తారు. కొన్ని ఇళ్ళలో టీ, బొరుగులు పెట్టి ఆదరిస్తారు. కొన్ని ఇళ్ళకు తాళాలు. ఆ ఇంటివారు సుగ్గికి పోయినారు. గుంటూరు వైపు పత్తి తీయడానికి, మిరపకాయలు కోయడానికి వెళ్ళినవారు ఎండాకాలానికి గాని తిరిగి రారు. వానలు లేక, చేసిన అప్పు తీరక వెళ్తారు. వారిని తప్పు పట్టడానికి నాకు నోరు రాదు. అయితే వారి వెంట వెళ్ళిన బిడ్డ సంగతి? చెల్లిని ఎత్తుకోవడానికి ఒక ఆడపిల్ల, వంట చేయడానికి ఒక ఆడపిల్ల బడి మానేస్తుంది. ఊళ్ళో ఉన్నా, సీడుపత్తి చేలల్లో మొగ్గలు ఒలిచి పుప్పొడి అద్దే పనికి చిన్నవేళ్ళు బాగుంటాయని ఏళ్ళ తరబడి ఆడపిల్లలనే పిలిచారు. బడి మానిన పిల్లకు తరువాత వచ్చేది పెండ్లి మాట.

స్వేచ్ఛగల మనిషి అని పేరు పెట్టి, ఆ బిడ్డను పుస్తకము పట్టనీయకపోతే ఆ పేరును మనమే కొట్టివేసినట్లు కాదా? పాటలాంటి పేరుగల పిల్ల నోట పాట లేకుండా చేసేది ఎవరు?

యోబు గ్రంథము చివరి అధ్యాయము ఒకసారి తీసి చదవండి. శ్రమలన్నీ తీరిన తరువాత యోబుకు ఏడుగురు కుమారులు, ముగ్గురు కుమార్తెలు కలిగారు. అక్కడ కుమారుల పేర్లు వ్రాయబడలేదు. కుమార్తెల పేర్లు వ్రాయబడ్డాయి: యెమీమా, కెజీయా, కెరెంహప్పుకు. పేర్లతో ఆగలేదు, అన్నదమ్ములతో పాటు వారికి తండ్రి స్వాస్థ్యమిచ్చాడు. పేరు, పాలు రెండూ కలిసి ఉన్నాయి. దుఃఖమును చూసిన తండ్రి తన ఆడపిల్లలను ఎలా చూసుకున్నాడో అక్కడ కనబడుతుంది. మిర్యాము పాట కూడా విడుదల పొందినవారి పాట అని పైన చెప్పాను. విడుదల లేనిచోట పాట ఎక్కువకాలము నిలువదు.

ఇప్పుడు ఇంట్లో చేయవలసిన కొన్ని పనులు చెప్తాను.

మొదటిది, పేరును వ్రాయించండి. బిడ్డ పుట్టిన 21 దినములలోపు జననము నమోదు కావాలి. పల్లెలో పంచాయతీ కార్యదర్శి వద్ద, పట్టణములో మున్సిపాలిటీలో. అప్పటికి పేరు నిర్ణయించకపోయినా భయము లేదు. 12 నెలలలోపు రుసుము లేకుండా, ఆ తరువాత 15 ఏళ్ళ వరకు ఆలస్య రుసుముతో పేరు చేర్పించవచ్చును. 2023 అక్టోబరు 1 నుండి పుట్టిన పిల్లలకు బడిలో చేర్చడము మొదలుకొని పుట్టినతేదీకి జనన ధ్రువపత్రమే ఆధారము. కావున అశ్రద్ధ చేయవద్దు.

రెండవది, ఒకే విధముగా వ్రాయించండి. ఒక కాగితములో కేరల్, మరొకదానిలో కెరోలు, ఇంకొకదానిలో కేరలమ్మ అని ఉంటే రేపు బిడ్డ ఆఫీసుల చుట్టూ తిరగాలి. తెలియనివారు కేరళ అని వ్రాసినా ఆశ్చర్యము లేదు. తెలుగులోను ఇంగ్లీషులోను అక్షరాలు ఒక కాగితము మీద వ్రాసుకొని, ప్రతిచోటా అదే చూపించండి. మన కుటుంబాలలో బడి పేరు ఒకటి, గుడి పేరు ఒకటి ఉండటము కద్దు. కారణాలు మీకు తెలిసినవే, ఇక్కడ వాటి జోలికి పోను. అయితే బిడ్డకు మాత్రం తన రెండు పేర్లూ, వాటి అర్థమూ చెప్పండి.

మూడవది, సుగ్గికి వెళ్ళవలసి వస్తే బిడ్డను బడికి దూరము చేయకుండా దారి వెదకండి. అవ్వ, తాత దగ్గర ఉంచవచ్చు. ఆరవ తరగతి నుండి ఆడపిల్లలకు కస్తూరిబా విద్యాలయాలున్నాయి, అక్కడే ఉండి చదువుకోవచ్చు. సంఘ పెద్దలారా, కేరల్స్ పాడటానికి వెళ్ళినప్పుడు తాళము వేసిన ఇళ్ళను దాటిపోకండి. ఆ ఇంటి పిల్లలు ఎవరి దగ్గర ఉన్నారో, బడికి వెళ్తున్నారో లేదో ప్రక్కింట అడగండి. అది కూడా కేరల్స్ సేవయే.

నాలుగవది, ఆడపిల్లకు 18 ఏళ్ళు నిండకుండా పెండ్లి మాట తేవద్దు. చట్టము ఒప్పదు. నిర్ణయము జరిగిన తరువాత అయ్యగారిని పిలవడము కాదు, ముందే వచ్చి మాట్లాడండి.

కేరల్ అని పేరున్న ఆడపిల్లలు ఈ పత్రిక చదువుతుంటే వారికి ఒక మాట. అమ్మాయీ, నీ పేరు ఒకప్పుడు పొలము దున్నుకునే సామాన్యునిది. ఆ పేరు రాజులకు వెళ్ళింది, పాటతో కలిసింది, సముద్రాలు దాటి మన నల్లరేగడి పల్లెకు వచ్చింది. ఎవరైనా హేళన చేస్తే తల వంచుకోవద్దు. దాని అర్థము వారికి చెప్పు. బాగా చదువుకో, బాగా పాడు.

ఈ నెల కుటుంబ ప్రార్థనలో చదువుకోవలసిన భాగాలు: నిర్గమకాండము 15:19-21, యోబు 42:10-15, యెషయా 43:1. చదివిన తరువాత మీ ఇంట్లో ప్రతి ఒక్కరి పేరుకు అర్థమేమిటో, ఆ పేరు ఎవరు, ఎందుకు పెట్టారో పిల్లలకు చెప్పండి. అవ్వను, తాతను అడిగి తెలుసుకోండి.

పేరుపెట్టి పిలిచే దేవుడు మీ కుమారులను, మీ కుమార్తెలను దీవించును గాక.