సర్టిఫికెట్ రాసిన చేతిని అడగరేం?

బదిలీల షెడ్యూలు వెలువడగానే ఉద్యోగుల్లో జబ్బులు పెరుగుతాయని ఆఫీసుల్లో ఒక పాత ఛలోక్తి ఉంది. అందులో నిజం లేకపోలేదు. గుండె ఆపరేషన్, క్యాన్సర్, డయాలసిస్ వంటివి ఉంటే ప్రిఫరెన్షియల్ కేటగిరీలో కోరుకున్న చోటు ముందుగా దక్కుతుంది. నటించడానికి వినికిడి లోపం మరీ అనువు. మామూలు ఆడియోమెట్రీలో శబ్దం వినబడిందో లేదో చెప్పాల్సింది పరీక్షకు కూర్చున్న మనిషే. మెదడు స్పందనను నేరుగా కొలిచే బెరా పరీక్ష దగ్గర గానీ ఆ ఆట కట్టదు. కాబట్టి తనిఖీ వద్దనడానికి లేదు. ఎవరిని, ఎప్పుడు తనిఖీ చేస్తున్నామన్నదే నా పేచీ.

మెడికల్ లీవు సంగతే చూడండి. మన తెలుగు రాష్ట్రాల్లో ప్రభుత్వ ఉద్యోగికి ఏడాదికి 20 రోజుల అర్ధవేతన సెలవు జమ అవుతుంది. జబ్బు చేసి దాన్ని పూర్తి జీతంపై వాడుకుంటే, అంటే కమ్యూటెడ్ లీవు పెడితే, రోజుకు రెండు రోజుల చొప్పున ఖాతాలోంచి కోసేస్తారు. అందుకు సిక్ సర్టిఫికెట్ ఒకటి, తిరిగి చేరేటప్పుడు ఫిట్‌నెస్ సర్టిఫికెట్ ఒకటి. కొన్నిసార్లు ఆ రెండూ ఒకే పూట రాసినవని జీతాల బిల్లు పెట్టే అధికారి డీడీవోకూ తెలుసు, గుమాస్తాకూ తెలుసు.

అనుమానం వస్తే దారి ఉంది. ఉదాహరణకు, కేంద్ర ఉద్యోగుల 1972 సెలవు నిబంధనల ప్రకారం సివిల్ సర్జన్ స్థాయికి తగ్గని ప్రభుత్వ వైద్యాధికారి చేత రెండో అభిప్రాయం తీసుకోవచ్చు, అదీ వీలైనంత త్వరగా. ఆ త్వరే మన దగ్గర కరవు. ఫైలు కదిలి మెడికల్ బోర్డుకు చేరేసరికి టైఫాయిడ్ ఎప్పుడో తగ్గి ఉంటుంది. నిజంగా మంచం పట్టినవాడూ, ఇల్లు కట్టుకోవడానికి సెలవు పెట్టినవాడూ ఆ రోజు బోర్డుకు ఒకేలా కనిపిస్తారు. జీతం ఇద్దరికీ ఆగుతుంది. అసలు రోగికి మందుల ఖర్చు అదనం.

'ప్రైవేటు సర్టిఫికెట్' అనగానే ముఖం చిట్లించడం మరో విడ్డూరం. ఉద్యోగుల ఆరోగ్య పథకంలో కార్పొరేట్ ఆసుపత్రులను చేర్చింది సర్కారే. అక్కడి శస్త్రచికిత్సకు డబ్బు చెల్లిస్తూనే, అదే డాక్టరు రాసిన నెల రోజుల విశ్రాంతి చీటీని శంకిస్తే ఎలా? పోనీ సర్కారీ ముద్ర ఉంటే భరోసా ఉందా? వైకల్య శాతాన్ని ధ్రువీకరించే సదరం సర్టిఫికెట్లు ఇచ్చేది ప్రభుత్వ వైద్యులే. అయినా 40 శాతం గీత దాటించే బేరాలపై ఆరోపణలు ఆగలేదు. 2024లో మహారాష్ట్రలో ఒక ప్రొబేషనరీ ఐఏఎస్ విషయంలో రచ్చకెక్కినవాటిలోనూ ప్రభుత్వ ఆసుపత్రి పేరిట ఉన్న వైకల్య పత్రాలున్నాయి.

అందర్నీ వరసలో నిలబెట్టి మళ్లీ పరీక్షిస్తే ఏమవుతుందో 2025లో ఆంధ్రప్రదేశ్ వికలాంగుల పింఛన్లలో చూశాం. నోటీసులు పట్టుకుని ఆఫీసుల చుట్టూ తిరిగినవారిలో నడవలేనివారూ ఉన్నారు.

ఇంతకంటే సులువైన పని ఒకటి ఎవరూ ముట్టుకోకుండా పడి ఉంది. 2002 నాటి వైద్యుల వృత్తి నియమావళి ప్రకారం ప్రతి డాక్టరూ తానిచ్చిన సర్టిఫికెట్లకు రిజిస్టరు నిర్వహించాలి, రోగి గుర్తింపు చిహ్నాలు రాసుకోవాలి, నకలు దాచాలి. తప్పుడు సర్టిఫికెట్ ఇస్తే వైద్యుల జాబితా నుంచి పేరే తొలగించవచ్చు. ఆ రిజిస్టరు చూపించమని అడిగిన అధికారి నాకింతవరకూ తారసపడలేదు. సెలవు దరఖాస్తు అందిన వారంలోనే ఓపీ నంబరు, పరీక్షల వివరాలు పంపమని డాక్టరుకు ఒక లేఖ రాస్తే సగం దొంగ చీటీలు అక్కడే ఆగుతాయి. జీతాల బిల్లులన్నీ ఇప్పుడు ఆన్‌లైనే కదా. సెలవు నమోదులో డాక్టరు రిజిస్ట్రేషన్ నంబరు కూడా ఎక్కిస్తే, జిల్లాలో ఏ సంతకం మితిమీరి కనబడుతోందో కంప్యూటరే చెబుతుంది. అప్పుడు బోర్డుకు పంపాల్సింది ఆ సంతకంతో వచ్చిన కేసుల్నే.

దీనికి కొత్త చట్టం అక్కర్లేదు. వైద్యారోగ్య, ఆర్థిక శాఖలు కలిసి ఒక ఉత్తర్వు ఇస్తే చాలు. వచ్చే బదిలీల షెడ్యూలు కంటే ముందే ఇవ్వాలి.