శాలువాల చిత్రములు చాలును

"కథ లేదు, నాయకుడు లేడు, పాట లేదు, ఇది యేమి చలనచిత్రము?" అని మన సంఘములలోని పెద్దలు కొందరు ప్రశ్నించుచుందురు. డాక్యుమెంటరీకిని ప్రయోగచిత్రమునకును నడుమ నిలిచి, చేతికెమేరాతో నిత్యజీవితమును పట్టువారి పనియన్న వారికి చులకన. ఈ చులకనభావము ఇతరులకు చెల్లునేమో కాని రాష్ట్రేతరాంధ్రులమైన మనకు చెల్లదు.

జోనాస్ మెకాస్ జీవితమును చూడుడు. 1922లో లిథువేనియాలోని సెమెనిష్కియాయ్ అను పల్లెలో జన్మించిన ఆయన 1944లో తమ్మునితో దేశము విడిచి, జర్మనీలో నిర్బంధ శ్రమశిబిరమున చిక్కి, పిమ్మట శరణార్థుల శిబిరములలో గడపి, 1949లో న్యూయార్కు చేరెను. చేరిన కొలదికాలమునకే అప్పుచేసి బోలెక్స్ అను 16 మిల్లీమీటర్ల కెమేరా కొనెను. దానితో చిత్రించిన దేమి? బ్రూక్లిన్‌లో కాపురమున్న తన దేశీయుల సమావేశములు, విందులు, వీధులు, మంచు! ఆ ముక్కలను పెక్కేండ్లు దాచి, 1976లో 'లాస్ట్, లాస్ట్, లాస్ట్' అను దాదాపు మూడు గంటల చిత్రముగా కూర్చెను. 1971లో స్వగ్రామమునకు పోయి తల్లిని చూచి వచ్చి, ఆ ప్రయాణమును మరియొక చిత్రము చేసెను. అందు తల్లి ఆరుబయట వంట చేయుటయే పెద్ద సంఘటన. ఆ చిత్రమునే 2006లో అమెరికా జాతీయ చలనచిత్ర పట్టికలో చేర్చిరి.

ఆయన తన పనితోనే తృప్తిపడలేదు. 1962లో తోటివారితో కలసి చిత్రకారుల సహకారసంఘమును నెలకొల్పెను. 1970లో ఇట్టి చిత్రములను భద్రపరచు ఆంథాలజీ ఫిల్మ్ ఆర్కైవ్స్ స్థాపకులలో నొకడయ్యెను. 2019లో మరణించువరకు ఆయన కెమేరా విడువలేదు.

"దృశ్యములు కదలును, వణకును, చూడ విసుగు" అందురు. నిజమే, కొంత విసుగుండును. కాని కథాచిత్రమును రేపైనను తీయవచ్చును. గతించిన అవ్వ మాటను మరల తీయగలమా?

మన సంఘములు చేయుచున్న దేమి? ఉగాదికి వీడియోవానిని పిలిచి దండలు, శాలువాలు, అధ్యక్షోపన్యాసములు తీయించుచున్నవి. షోలాపురమున మగ్గము విడిచిన పద్మశాలి తాత మరాఠీ కలిపి చెప్పు పాతముచ్చట, బరంపురమున ఒడియా పదములు చేరిన వంటింటి తెలుగు, హోసూరు సంతలో బేరమాడు తెలుగు — వీని నెవరు పట్టిరి? వేదిక నెక్కనివారు తెలుగువారు కారా? గుమాస్తాగా దస్త్రములు కాచిన నాకు తెలిసినది ఒక్కటే: కాగితమున కెక్కనిది కొన్నాళ్లకు జరుగనట్లే యగును.

ఇందుకు ధనము సాకు కాజాలదు. నేడు ప్రతి యింట ఫోనులోనే కెమేరా కలదు. ఈ యేడు శాలువాలు సగము తగ్గించి, ఆ సొమ్ముతో మన యువకులను ఇంటింటికి పంపుడు. ఎనుబదియేండ్లు దాటినవారిని ముందుగా చూడుడు. వారు మన వార్షికోత్సవము వరకు ఆగుదురను భరోసా లేదు.