గిన్నె చల్లారితేనే రెండో పాఠం!

రాత్రి ఎనిమిది దాటింది. చిక్కడపల్లి సిటీ సెంట్రల్ లైబ్రరీ వైపు నుంచి పుస్తకాల సంచులు భుజాన వేసుకుని కుర్రాళ్లు అశోక్‌నగర్ సందుల్లోకి మళ్లుతున్నారు. కొందరు మెస్సులకి, కొందరు కర్రీ పాయింట్లకి. మిగతావాళ్లు తిన్నగా గదికే. పదడుగుల గది, గోడ మీద ఇండియా మ్యాపు, మూలన చిన్న గ్యాస్ సిలిండర్, దాని పక్కన నాలుగు గిన్నెలు. ఈ పూట వంతు కరీంనగర్ నుంచి వచ్చిన అబ్బాయిది. సర్వపిండి పెడుతున్నాడు. పాలమూరు అబ్బాయి పక్కన కూర్చుని పిండిలో చెయ్యి పెట్టాడు.

"గట్టిగైంది తమ్మీ. జర నీళ్లు చల్లు. గిట్లుంటే గిన్నెకు పట్టదు."

"ఎన్ని నీళ్లు పొయ్యాలె అన్నా?"

"ఎన్నంటే ఏం చెప్త? చేతికే తెల్వాలె."

వేలకు వేలు ఫీజు కట్టి చేరే వంట క్లాసుల్లో కూడా చివరికి తేలేది ఈ మాటే. వంటలో సగం కాగితం మీదికి ఎక్కుతుంది. మిగతా సగం, తెలిసినవాళ్ల పక్కన కూర్చుంటే తప్ప రాదు.

ఊరు కాని ఊరు వెళ్లినప్పుడు అక్కడి వంట నేర్చుకుని రావడం ఇప్పుడు పర్యటనల్లో ఓ భాగమైపోయింది. థాయ్‌లాండ్‌లోని చియాంగ్ మయ్‌ వెళ్లినవాళ్లు గుళ్లూ గోపురాలూ చూశాక ఓ పూట వంటబడికి కేటాయిస్తారు. ముందు సంతకు తీసుకెళ్లి ఆకులూ దుంపలూ చూపిస్తారు. తర్వాత రోట్లో మసాలా నూరిస్తారు. ఇటలీలో పాస్తా పిండి ఒత్తిస్తారు. మన ఉదయ్‌పూర్‌లో, కేరళ హోమ్‌స్టేల్లో కూడా ఇలాంటివి ఉన్నాయి. వండటం, వండింది తినడం, తయారీ విధానం రాసిన కాగితం పట్టుకుని బయటపడటం... ఇదీ వరస.

మరి మన హైదరాబాద్? 2019లో యునెస్కో ఈ నగరాన్ని ఆహార సంస్కృతి విభాగంలో 'సృజనాత్మక నగరం'గా గుర్తించింది. ఇక్కడికి వచ్చే అతిథి నేర్చుకోవాలని అడిగేది సహజంగానే బిర్యానీ. పచ్చిమాంసాన్ని మసాలాలో నానబెట్టి, పైన సగం ఉడికిన బియ్యం పరిచి, మూత చుట్టూ పిండి అంటించి దమ్ మీద పెట్టడం చూడ్డానికి కూడా వేడుకే. కాదనేవాళ్లెవరు! కానీ జొన్నరొట్టె, సర్వపిండి, పచ్చిపులుసు, సకినాలు నేర్పుతామనే బోర్డు ఎంత వెతికితే దొరుకుతుంది? ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో బిర్యానీ కోసం బారులు తీరినవాళ్లకు, నాలుగడుగుల దూరంలోనే, జిల్లాకో రుచి చొప్పున పాఠాలు జరుగుతున్నాయని తెలిసే అవకాశమే లేదు. ఆ పాఠాలకు బోర్డు ఉండదు మరి.

ఆర్నెల్లకని వచ్చి...

అశోక్‌నగర్ గదుల్లో వంట ఇంతగా కుదురుకోవడానికి కారణం మాత్రం సంతోషించదగ్గది కాదు. ఉమ్మడి రాష్ట్రంలో శ్రీకాకుళం నుంచి చిత్తూరు దాకా గ్రూప్స్ రాసేవాళ్లందరికీ ఇదే అడ్డా. 2014 తర్వాత తెలంగాణ పల్లెల నుంచి వచ్చేవాళ్ల రాక మరీ పెరిగింది. ఇక్కడికి ఎవరూ వంట నేర్చుకోవడానికి రారు. ఆర్నెల్లు చదివి పరీక్ష రాసి వెళ్లిపోదామనే వస్తారు. వెళ్లనిచ్చేదెవరు? 503 పోస్టులతో 2022 ఏప్రిల్‌లో గ్రూప్-1 ప్రకటన వచ్చింది. ఆ అక్టోబరులో ప్రిలిమ్స్ జరిగితే, ప్రశ్నపత్రాల లీకేజీతో 2023 మార్చిలో రద్దయింది. జూన్‌లో మళ్లీ పెట్టారు. సెప్టెంబరులో హైకోర్టు దాన్నీ రద్దు చేసింది. 2024 ఫిబ్రవరిలో 563 పోస్టులతో కొత్త ప్రకటన, జూన్‌లో మళ్లీ ప్రిలిమ్స్, అక్టోబరులో మెయిన్స్.

ఈ లెక్కన ఆర్నెల్ల కోసం తెచ్చుకున్న గిన్నెలు రెండున్నరేళ్లు మాడాయి. ఇంటి నుంచి వచ్చే డబ్బు పెరగదు. మెస్ బిల్లు ఆగదు. అలా పొయ్యి వెలుగుతుంది. ఇంట్లో మంచినీళ్లు తాగిన గ్లాసు కూడా తీసి పక్కన పెట్టని పుత్రరత్నాలకు పప్పులో పోపు ఎప్పుడు పడాలో తెలిసింది ఇక్కడే. వాళ్లమ్మలు నేర్పలేనిది టీఎస్‌పీఎస్సీ నేర్పింది!

మొదట ఎవరి ఊరి వంట వాళ్లు చేస్తారు. రెండు వారాలకి ఒకే పప్పుచారు మొహం మొత్తుతుంది. అప్పుడు మొదలవుతుంది అసలు క్లాసు. 'మీ దిక్కు ఏం చేస్తరు?' అన్న ప్రశ్నతో.

వేళ్ల గుర్తులే ముద్ర

సర్వపిండినే తీసుకోండి. ఊరిని బట్టి దీనికి సర్వప్ప, గిన్నప్ప, తపాలచెక్క అని రకరకాల పేర్లు. సర్వ అంటే గుండ్రటి గిన్నె. బియ్యప్పిండిలో నానబెట్టిన శనగపప్పు, పల్లీలు, నువ్వులు, కరివేపాకు, ఉల్లిగడ్డ, పచ్చిమిర్చి లేదా కారం, ఉప్పు వేసి కలపడం వరకు ఎవరైనా చెప్పగలరు. చిక్కంతా ఆ తర్వాతే. గిన్నె లోపల నూనె రాసి, పిండిముద్దను అడుగున పెట్టి, వేళ్లతో ఒత్తుకుంటూ గోడల మీదికి పాకించాలి. అంతటా ఒకే మందం రావాలి. అడుగు మందమైతే పచ్చిగా మిగులుతుంది. అంచు పలచనైతే మాడుతుంది. వేలికొసతో అక్కడక్కడా చిల్లులు పొడిచి, ఒక్కో చిల్లులో చుక్క నూనె వేసి, మూత పెట్టి సన్నమంట మీద వదిలేయాలి. నూనె ఆ చిల్లుల్లోంచి అడుగుకి దిగుతుంది. కిందివైపు ఎర్రగా కరకరలాడుతూ, పైన మెత్తగా ఉంటేనే అది సర్వపిండి.

మొదటిది బాగా వచ్చిందన్న సంబరంలో కొత్తవాళ్లు చేసే పని ఒకటుంది. అదే గిన్నెలో వెంటనే రెండోది ఒత్తబోతారు. వేళ్లు చుర్రుమంటాయి! పిండిని వేళ్లతోనే ఒత్తాలి, కాబట్టి గిన్నె చల్లగా ఉండాలి. అందుకే ఇళ్లలో రెండు గిన్నెలు పెట్టుకుంటారు. ఒకటి పొయ్యి మీదుంటే ఒకటి చల్లారుతుంటుంది. గదిలో అంత వైభవం లేనప్పుడు గిన్నెను బోర్లించి వెనక నీళ్లు పోస్తారు. వంటల పుస్తకంలో ఈ సంగతి ఒక ముక్కలో ఉన్నా కళ్లు దాన్ని దాటేస్తాయి. చెయ్యి కాల్చుకున్నవాడు మాత్రం జన్మలో మర్చిపోడు.

మర్నాడు పాలమూరు అబ్బాయి గురువవుతాడు. జొన్నరొట్టె. గోధుమపిండిలో ఉండే సాగుడు గుణం జొన్నకు లేదు. అందుకే మసిలే నీళ్లు పోసి, వేడి మీదే అరచేతి మడమతో పిసుకుతారు. పీట మీద పొడిపిండి చల్లి, చేత్తో తడుతూ తిప్పుతుంటే అంచులు పగలకుండా పెద్దదవుతుంది. కొత్తచేతికి ఇండియా మ్యాపు వస్తుంది. గోడ మీది మ్యాపుతో పోల్చి నవ్వుకోవడానికి బాగానే ఉంటుంది గానీ తీసి పెనం మీద వెయ్యబోతే ముక్కలవుతుంది. వేశాక పైన తడిబట్టతో అద్దాలి, తిప్పాలి, పొంగనివ్వాలి. పిండి పాతదైతే ఎంత చెయ్యి తిరిగినవాళ్లకైనా రొట్టె పగులుతుంది. కాబట్టి సరిగ్గా రాకపోతే తప్పు చేతిదా పిండిదా అన్నది కూడా తెలిసినవాళ్లే చెప్పాలి.

చారెడు అంటే ఎవరి చారెడు?

మన కొలతల మాటలు చూడండి. చిటికెడు, గుప్పెడు, చారెడు, దోసెడు. అన్నీ చేతి కొలతలే. గిద్దకు, సోలకు లెక్క ఉంది. నాలుగు గిద్దలు సోల, రెండు సోలలు తవ్వ. కానీ చారెడుకి? నేర్పే ఆవిడ అరచెయ్యి ఎంతో అంత. నేర్చుకునేవారి చెయ్యి పెద్దదైతే ఉప్పు కసిం అవుతుంది. ప్రయాణంలో వంట నేర్చుకునేవాళ్లు దీనికో చిన్న ఉపాయం పాటించొచ్చు. ఆవిడ చేతిలోకి తీసుకున్నది గిన్నెలో వెయ్యకముందే ఒక కప్పులోకి వంపమని అడగాలి. అప్పుడు రాసుకోవాలి. 'మీరు కొంచెం ఆగండి పిన్నిగారూ' అంటే ఎవరూ ఏమీ అనుకోరు.

కొలతకి లొంగని పనులూ ఉన్నాయి. ఆత్రేయపురం పూతరేకు అలాంటిదే. కోనసీమలోని ఈ ఊరి పూతరేకులకు 2023లో భౌగోళిక గుర్తింపు దక్కింది. రావులపాలెం మీదుగా వెళ్లే పర్యాటకులు అక్కడ ఆగి, రేకు తీసే మహిళల పక్కన కూర్చుని, 'నేనోసారి ప్రయత్నిస్తా' అనడం మామూలే. బోర్లించిన కుండ. కింద మంట. పలచటి బియ్యప్పిండి జావలో ముంచిన బట్టను కుండ మీద పరిచి లాగేస్తే, క్షణంలో పొర కడుతుంది. దాన్ని చిరగకుండా ఎత్తాలి. చూస్తే ఇంతేనా అనిపిస్తుంది. చేస్తే మాత్రం మొదటి రేకు కుండకే అతుక్కుంటుంది. రెండోది చేతిలో పొడవుతుంది. అప్పుడే, తెచ్చుకున్న పెట్టె ధర మీద బేరమాడటం మానేస్తారు. పొద్దున్నుంచీ ఆ సెగ ముందు కూర్చునేవాళ్ల చేతుల్లో ఏముందో వేళ్లకి తెలిసిపోతుంది కాబట్టి.

ఇక్కడో మాట అనుకోక తప్పదు. పట్నంలో ఏసీ గదిలో ఆరు వంటలు చూపించే క్లాసుకు ఫీజు అడిగితే మారుమాటాడకుండా కడతారు. పల్లెలో ఒక పెద్దామె రెండు గంటలు కూర్చోబెట్టుకుని నేర్పితే దండం పెట్టి వచ్చేస్తారు. అది కూడా పాఠమే. దానికీ విలువ కట్టి ఇవ్వాలి. డబ్బు తీసుకోవడానికి మొహమాటపడితే, ఆమె దగ్గరే నాలుగు కిలోలు కొనొచ్చు.

ఈసారి సెలవులకు పిల్లలతో ఎటైనా వెళ్లేటప్పుడు వంట నేర్చుకోవాలనుకుంటే, ఎన్ని వంటలు నేర్పుతారని అడక్కండి. ఒక్కదాన్ని మీ చేత ఎన్నిసార్లు చేయిస్తారో అడగండి. మొదటిది ఎలాగూ పాడవుతుంది. రెండోదానికి అవకాశం లేని క్లాసు సినిమా చూసినట్టే. పిల్లలకు పిండి ముద్ద ఇచ్చి వదిలేస్తారా, దూరంగా కూర్చోమంటారా అన్నది కూడా ముందే తెలుసుకోవాలి. వీలైతే సంతకి వాళ్లతోనే వెళ్లండి. అక్కడి మిరపకాయ కారం మీ ఊరి కారంతో సరిపోలదు. గిన్నె లోతు, పెనం మందం చూసుకుని, వీలుంటే ఆ ఊళ్లోనే అలాంటిది ఒకటి కొనుక్కోండి. మసాలా పొట్లం కంటే అదే ఎక్కువ పనికొస్తుంది. ఇంటికొచ్చాక వారం లోపల ఒకసారి చెయ్యాలి. లేదంటే చెయ్యి మర్చిపోతుంది.

అంత దూరం వెళ్లలేనివాళ్లకు సంక్రాంతి ఎలాగూ ఉంది. చిక్కడపల్లిలో, నారాయణగూడలో స్వగృహ దుకాణాల్లో సకినాలు ఏడాది పొడుగునా కిలోల లెక్కన దొరుకుతాయి. చుట్టడం మాత్రం అక్కడ చూపించరు. తెలంగాణ పల్లెల్లో పండక్కి ముందు ఆడవాళ్లు ఒక ఇంట్లో చేరి, పరిచిన బట్ట మీద, నువ్వులూ వామూ కలిపిన తడిపిండిని రెండు వేళ్ల మధ్య మెలితిప్పుతూ చుట్టు మీద చుట్టు వేసుకుంటూ పోతారు. పిండి తాడులా తెగకుండా రావాలి. నేర్చుకునేవాళ్లకు ముందు ఒక్క చుట్టే ఇస్తారు. చుట్టాలో స్నేహితులో ఉన్న ఊరైతే ఒకరోజు ముందు ఫోన్ చేసి చెప్పండి. మీ వంతు బియ్యం కూడా నానబోస్తారు.