పాట – మాట: బాణీ ముందు, బొమ్మ తర్వాత



పోయిన ఆదివారం డర్బన్‌లో ఒకటే వాన. మా మనవరాలు ఇంట్లో కూర్చుని 'మై నైబర్ టొటోరో' సినిమా మళ్లీ చూసింది. అందులోని నడక పాటను జపాను భాషలోనే మొత్తం పాడేసింది.

"అర్థం తెలుసా తల్లీ?" అన్నాను.

"తెలీదు అమ్మమ్మా. కానీ బాగుంటుంది."

"మరి నేను నేర్పిన జోలపాట ఎందుకు పాడవు?"

తల వంచుకుంది. "దాని అర్థం తెలీదుగా. తప్పు పలికితే అందరూ నవ్వుతారు."

ఆ మాట నాకు గుచ్చుకుంది.

ఆ సినిమాకు సంగీతం ఇచ్చినవారు జో హిసాయిషి. 1950లో జపానులోని నగానోలో పుట్టారు. అసలు పేరు మామొరు ఫుజిసావా. అమెరికా సంగీతకారుడు క్విన్సీ జోన్స్ పేరును జపాను అక్షరాల్లోకి మార్చి, తన పేరుగా పెట్టుకున్నారు.

మామూలుగా సినిమా తయారయ్యాక, బొమ్మను చూసి సంగీతం కడతారు. హయావో మియజాకి తీసిన 'నౌసికా' సినిమాకు అలా జరగలేదు. ఆ సినిమా 1984లో వచ్చింది. 1983లోనే హిసాయిషి ఆ కథను మనసులో ఊహించుకుని ఒక ఆల్బమ్ చేశారు. జపానులో దీన్ని 'ఇమేజ్ ఆల్బమ్' అంటారు. ఆ బాణీలు నచ్చాయి. సినిమా సంగీతం కూడా ఆయనకే ఇచ్చారు. అప్పటి నుంచి 2023లో వచ్చిన 'ద బాయ్ అండ్ ద హెరాన్' దాకా, మియజాకి తీసిన 11 పెద్ద సినిమాలకూ ఆయనదే సంగీతం.

'టొటోరో' 1988లో వచ్చింది. దాని పాటలు 1987లోనే వచ్చాయి. పిల్లలు నోరారా పాడుకునే పాటలు కావాలని మియజాకి కోరిక. నడక పాటకు మాటలు రాసింది పిల్లల కథల రచయిత్రి రియెకో నకగావా. నడిచే అడుగుకు సరిపోయేలా హిసాయిషి బాణీ కట్టారు. జపాను బాలబడుల్లో పిల్లలు ఆ పాట పాడతారు.

ఇదంతా మనవరాలికి చెప్పాను. "చూశావా, బొమ్మ కంటే ముందు బాణీ వచ్చింది. నువ్వూ ముందు బాణీ పట్టుకో. అర్థం తర్వాత వస్తుంది."

"ఎవరు చెప్తారు?" అంది.

అప్పుడు నిజం ఒప్పుకున్నాను. ఆ జోలపాటలో రెండు మాటలకు నాకూ అర్థం తెలీదు. మా అమ్మ దాన్ని చెరకు తోటల్లో పనిచేసిన తన నాయనమ్మ దగ్గర నేర్చుకుంది. నేను ఎన్నడూ అడగలేదు. ఇప్పుడు అడుగుదామంటే వాళ్లు లేరు.

మనవరాలు ఫక్కున నవ్వింది. ఆ రాత్రి ఇద్దరం కలిసి పాడాం. ఆ రెండు మాటలు కూడా వదల్లేదు.

మీ ఇంట్లో ఇలాంటి పాట ఉందా? విన్నది విన్నట్టే రాసి పంపండి. తప్పులకు భయపడకండి. తెలిసిన పెద్దలు ఉంటే ఈరోజే అడగండి.

ఈ నెల మాటలు
బాణీ: పాట సాగే తీరు
జోలపాట: పిల్లలను నిద్రపుచ్చే పాట
నోరారా: నోటి నిండా, తృప్తిగా
గుచ్చుకుంది: ముల్లులా తగిలింది, బాధ పెట్టింది