భారం మోస్తున్నామా, పెంచుతున్నామా?

'నువ్వు నాకు నచ్చావ్' సినిమాతో 2001లో మన ఇంటి పిల్లలా మారిన ఆర్తి అగర్వాల్ 2015 జూన్ 6న అమెరికాలో కన్నుమూశారు. వయసు 31. కొవ్వు తీయించుకునే చికిత్స జరిగిన కొద్ది వారాలకే ఈ కబురు అని అప్పట్లో వార్తలొచ్చాయి. తెరమీద కాస్త ఒళ్లు చేసినందుకే ఆమెను అన్ని మాటలన్నాం. మరి నూటయాభై కిలోల దేహంతో జనం మధ్య తిరిగేవారి సంగతేమిటి?

సికింద్రాబాద్‌లో ఆదివారం ఆరాధన ముగిశాక చర్చి మెట్లమీద చూడండి. ఆయాసపడుతూ వచ్చిన సహోదరికి 'వందనాలమ్మా' అన్న నోటితోనే 'ఇంకా లావయ్యావేంటి?' అంటాం. ప్రేమవిందులో ఆమె పళ్లెంలోకి తొంగిచూస్తాం. ప్లాస్టిక్ కుర్చీ కిర్రుమంటే మన పిల్లలు నవ్వుతారు. ఒక ఆదివారం ఆమె రాదు. ఎందుకు రాలేదని మనం అడగం.

స్థూలకాయం తిండి ఒక్కదానివల్లే రాదు. వంశం, హార్మోన్లు, కొన్ని మందులు కూడా కారణాలే. ప్రపంచ ఆరోగ్య సంస్థ దీన్ని దీర్ఘకాలిక వ్యాధి అంటోంది. జ్వరమొచ్చినవారిని చూసి నవ్వని మనం వీరిని చూసి ఎందుకు నవ్వుతాం? తిండిబోతుతనం పాపమే. కానీ ఎదుటివారి ఒళ్లు చూసి తీర్పు తీర్చే అధికారం మనకెవరిచ్చారు? సుంకరులతో కలిసి భోంచేసిన యేసుప్రభువునే లోకం తిండిబోతు అన్నదని మత్తయి సువార్త 11వ అధ్యాయంలో చదువుతాం.

ఒకరి భారాలు ఒకరు మోయాలని పౌలు గలతీ సంఘాలకు రాశాడు. వచ్చే ఆదివారం చేతుల్లేని గట్టి కుర్చీ ఒకటి ముందే వేసి ఉంచుదాం. రావడం మానేసిన ఆ సహోదరి ఇంటికి వెళ్దాం. బరువు మాట ఎత్తకుండా ఆమెతో కలిసి ప్రార్థిద్దాం.