మద్యం లైసెన్సులు – న్యాయసమీక్ష ఎవరి కొరకు?



మద్యం వ్యాపారం ఎవరికీ ప్రాథమిక హక్కు కాదని సుప్రీంకోర్టు 1975లో హర్ శంకర్ కేసులో స్పష్టం చేసినది. 1986లో వచ్చిన నంద్‌లాల్ జైస్వాల్ తీర్పు మన ప్రాంతానికి సంబంధించినదే. భిలాయి అప్పుడు మధ్యప్రదేశ్‌లో ఉండేది. డిస్టిలరీ లైసెన్సుల విషయంలో సుప్రీంకోర్టు హైకోర్టు తీర్పును త్రోసిపుచ్చి, ప్రభుత్వ విధానాన్ని నిలబెట్టినది. అయినప్పటికీ, వ్యాపారికి హక్కు లేకపోయినా లైసెన్సులిచ్చే ప్రభుత్వం ఇష్టానుసారం వ్యవహరించరాదనీ, 14వ అధికరణానికి కట్టుబడవలసినదేననీ చెప్పినది.

సూత్రం మంచిదే. దాని ఫలం ఎవరికి దక్కుచున్నది? దరఖాస్తు తిరస్కరింపబడిన కాంట్రాక్టరు మరునాడే వకీలును వెంటబెట్టుకుని హైకోర్టు మెట్లెక్కగలడు. తన వీధి మొగలో దుకాణం వెలసిన తరువాత గాని సంగతి తెలియని కార్మికుని ఇల్లాలు ఏ కోర్టుకు పోగలదు? అర్హత విచారణ అంతా దరఖాస్తుదారుని గురించే. ఆ బస్తీ సంగతి అడిగే నాథుడు లేడు.

జాతీయ రహదారులకు 500 మీటర్లలోపు మద్యం అమ్మరాదని 2016 డిసెంబరులో సుప్రీంకోర్టు ఆదేశించినది. 2017 జూలైలో, అది మునిసిపల్ పరిధికి వర్తించదని అదే కోర్టు వివరించినది. అనగా కార్మికులు కిక్కిరిసి నివసించే పట్టణాలకే రక్షణ లేకుండా పోయినది.

2017 ఏప్రిల్ నుండి ఛత్తీస్‌గఢ్‌లో చిల్లర అమ్మకం ప్రభుత్వ కార్పొరేషన్ చేతికి వచ్చినది. అనుమతి ఇచ్చేదీ, అమ్మేదీ ఒకరే అయినప్పుడు అర్హతను తేల్చేదెవరు? 2019–2022 మధ్య ఈ వ్యవస్థలోనే 2,000 కోట్ల రూపాయలకు పైబడిన అక్రమాలు జరిగాయని ఎన్‌ఫోర్స్‌మెంట్ డైరెక్టరేట్ ఆరోపించినది. నిజానిజాలు కోర్టులు తేల్చుగాక. గల్లాపెట్టె ప్రభుత్వానిదైనంత మాత్రాన జవాబుదారీతనం రాదు.

ఒక పోస్ట్‌మ్యాన్‌కు గాని, గ్యాంగ్‌మన్‌కు గాని ఇంక్రిమెంటు నిలుపవలెనన్నా అభియోగాన్ని రాతపూర్వకంగా తెలియజేయాలి, సంజాయిషీ తీసుకోవాలి, కారణాలు నమోదు చేయాలి. ఈ నియమాలను సాధించడానికీ, అమలు చేయించడానికీ మన సంఘాలు దశాబ్దాలు పోరాడినవి. వేలాది కుటుంబాల నడుమ దుకాణం పెట్టేందుకు ఆపాటి నియమమైనా అక్కరలేదా? కోర్టు పరిశీలించేది నిర్ణయం తీసుకున్న పద్ధతిని. ఫైలులో కారణమే లేనప్పుడు, అభ్యంతరమే నమోదు కానప్పుడు బస్తీ పక్షాన వాదించడానికి ఏమి మిగులును?

కాబట్టి మన డిమాండ్లు ఇవి: దుకాణం స్థలం నిర్ణయించక ముందే వార్డులో నోటీసు అంటించాలి. నివాసుల అభ్యంతరాలు బహిరంగంగా వినాలి. కారణాలతో కూడిన ఉత్తర్వు ఇవ్వాలి. దానిపై నివాసులకు అప్పీలు హక్కు ఉండాలి.

కోర్టు ఒక్కటే చాలదు. భిలాయి కర్మాగారానికి ఖనిజం పంపే దల్లీ రాజహరాలో, 1977లో ఏర్పడిన ఛత్తీస్‌గఢ్ మైన్స్ శ్రామిక్ సంఘ్ శంకర్ గుహ నియోగి నాయకత్వాన తాగుడు వ్యతిరేక ఉద్యమాన్ని కూలి పోరాటంతో జోడించినది. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట మహిళలు రగిల్చిన ఉద్యమం ఫలితంగా 1993 అక్టోబరు 1 నుండి ఆంధ్రప్రదేశ్‌లో సారా నిషేధమైనది. ఆ మహిళలు ఏ లైసెన్సు కేసులోనూ వాదులు కారు.

ప్రతి శాఖా తన కాలనీలో ఈ డిమాండ్లపై సంతకాలు సేకరించి కలెక్టరుకు సమర్పించాలి. మహిళలను ముందు నిలపాలి. అభ్యంతరం కాగితం మీదకు ఎక్కిననాడే న్యాయసమీక్ష మనకూ అక్కరకు వచ్చును.

– సెక్టర్ 6, భిలాయి