బరేసి లేని మ్యాచ్

అప్రైజల్ సీజన్ వచ్చిందంటే మా ఆఫీసు క్యాంటీన్లో టీ అమ్మకాలు పెరుగుతాయి. ఎవడి రేటింగ్ ఎంత, ఎవడికి హైక్ ఎంత, ఎవడు పేపర్లు పెడుతున్నాడు... ఇవే కబుర్లు. ఈసారి మాత్రం నాకు టీ గొంతు దిగలేదు.

మా టీంలో ఒక సీనియర్ ఉన్నాడు. అందరం అన్నా అనే పిలుస్తాం, పేరు ఎందుకులెండి. తొమ్మిదేళ్ళుగా ఒకే ప్రాజెక్టు. కోడ్ రివ్యూలు చెయ్యడం, అర్ధరాత్రి రిలీజులకి కాపలా కాయడం, జూనియర్లు రాసిన చెత్త ప్రొడక్షన్లోకి పోకుండా ఆపడం (ఆ చెత్తలో నా వాటా తక్కువేం కాదు). ఫిబ్రవరిలో చెల్లెలి పెళ్ళని మూడు వారాలు లీవు పెట్టాడు. ఆ మూడు వారాల్లో ఒక్క సిస్టమూ పడిపోలేదు. అప్రైజల్ మీటింగులో మేనేజర్ గారు సరిగ్గా అదే పట్టుకున్నారు. "మీరు లేకపోయినా అంతా బానే నడిచింది కదా!" అని ఓ అత్తెసరు రేటింగ్ చేతిలో పెట్టారు.

ఈ సంగతి చెప్పి అన్న నవ్వేశాడు. నాకు నవ్వు రాలేదు. ఫ్రాంకో బరేసి గుర్తొచ్చాడు.

ఎవరీ బరేసి అంటారా? ఇటలీ ఫుట్‌బాల్ డిఫెండర్. 1997లో రిటైరయ్యాడు, నేను పుట్టిన ఏడాదే. కాబట్టి ఆయన ఆట చూశానని గొప్పలు పోను. ఆన్‌కాల్ రాత్రుల్లో నిద్ర ఆపుకోడానికి పాత మ్యాచ్‌లు చూసే పిచ్చి పట్టుకుంది, అలా పరిచయమయ్యాడు. మొదట్లో గోల్స్ కోసమే చూసేవాణ్ణి. కొన్నాళ్ళకి, గోల్ పడాల్సిన చోట ఎందుకు పడలేదా అని చూడ్డం మొదలైంది. అలా చూసినప్పుడల్లా ఆరో నంబరు చొక్కా ఒకటి అక్కడ కనిపించేది. మనిషి పెద్ద ఆజానుబాహుడేం కాదు, ఐదడుగుల తొమ్మిదంగుళాలు. కుర్రాడిగా ఉన్నప్పుడు మరీ బక్కగా ఉన్నాడని ఇంటర్ వాళ్ళు వద్దన్నారు. అన్న జుసెప్పేని తీసుకున్నారు, తమ్ముణ్ణి వదిలేశారు. ఆ తమ్ముడు అదే ఊళ్ళోని ఇంకో క్లబ్బు మిలాన్‌లో చేరి, ఆ ఒక్క క్లబ్బుకే ఏడువందల పైచిలుకు మ్యాచ్‌లాడాడు.

డిఫెండర్ బతుకు మన క్రికెట్లో వికెట్ కీపర్ బతుకులాంటిది. వంద బంతులు పడితే ఎవడూ చూడడు, ఒక్క క్యాచ్ వదిలితే వారం రోజులు తిడతారు. బరేసి పని ఇంకొంచెం కష్టం. 1987లో అరిగో సాకీ కోచ్‌గా వచ్చాక మిలాన్ డిఫెన్సు వెనక్కి పోయి గోల్ ముందు గుంపుగా నిలబడ్డం మానేసింది. నలుగురూ ఒకే వరసలో ముందుకొచ్చేవాళ్ళు. బంతి పాస్ చేసే క్షణానికి అవతలి ఫార్వర్డ్ ఆ వరస దాటి ఉంటే ఆఫ్‌సైడ్. వినడానికి తేలికే. నలుగురిలో ఒక్కడు అర సెకను ఆలస్యంగా కదిలితే మాత్రం ఫార్వర్డుకీ గోల్ కీపరుకీ మధ్య ఇంకెవడూ ఉండడు. ఎప్పుడు కదలాలో చెప్పేవాడు బరేసి. చెయ్యి పైకెత్తి లైన్స్‌మన్ వైపు చూసే అతని బొమ్మ ఇప్పటికీ ప్రసిద్ధం. (చెయ్యెత్తిన ప్రతిసారీ అది ఆఫ్‌సైడేనా అని అడక్కండి, ఆ విషయంలో మనవాడు కాస్త గడుసే.)

సాకీ ఒక సంగతి చెబుతుంటాడు. గులిట్, వాన్ బాస్టెన్ లాంటి హేమాహేమీలకి ఈ క్రమశిక్షణ గోల ఏంటని అనుమానం వచ్చిందట. సరే, పందెం అన్నాడు సాకీ. ఇటు ఐదుగురే... గోల్ కీపర్ గల్లి, తస్సోత్తి, కోస్తకుర్తా, మాల్దీని, బరేసి. అటు వాళ్ళిద్దరితో కలిపి పదిమంది. పదిహేను నిమిషాల్లో ఒక్క గోల్ కొట్టండి చాలు. పదే పదే ప్రయత్నించినా ఒక్కటీ కొట్టలేకపోయారట. నేను మేనేజర్నయితే (అవనులెండి) ఈ పందెం కథ కొత్తగా చేరిన ప్రతివాడికీ చెప్తాను. 1993-94లో మిలాన్ 34 లీగ్ మ్యాచ్‌లలో కొట్టింది 36 గోల్స్, అంటే మ్యాచ్‌కి ఒకటి చొప్పున. ఇచ్చింది 15. ఛాంపియన్లు వాళ్ళే.

అయినా బంగారు బంతి అవార్డు, బాలన్ డోర్, బరేసికి రాలేదు. 1989లో రెండో స్థానం, మొదటిది వాన్ బాస్టెన్‌ది. ఆ అవార్డు గెలిచిన ఇటలీ డిఫెండర్ ఒక్కడే, 2006లో కన్నవారో. అప్రైజల్ ఫారాలు అక్కడా ఇలాగే ఉంటాయి కాబోలు.

ఇక్కడ హెచ్‌ఆర్ వాళ్ళు చెప్పే ఇంకో పాఠం ఉంది, అది నాకు నచ్చదు. బరేసి మిలాన్‌ని వదల్లేదు, చూడండి ఎంత విధేయతో అంటారు. నిజమే, వదల్లేదు. 1980లో బెట్టింగ్ కుంభకోణం వల్ల మిలాన్‌ని రెండో డివిజన్‌కి దించేశారు. తిరిగి పైకొచ్చారు. 1982లో ఆట బాగోక మళ్ళీ కిందికి పోయారు. ఆ వేసవిలోనే ఇటలీ ప్రపంచకప్పు గెలిచింది, జట్టులో బరేసి ఉన్నాడు, ఒక్క నిమిషం కూడా ఆడించలేదు. ప్రపంచ విజేత మెడల్ వేసుకుని వచ్చి రెండో డివిజన్‌లో ఆడాడు. అదంతా బానే ఉంది. కానీ మిలాన్ వాళ్ళు అతనికి ఇరవై రెండేళ్ళకే కెప్టెన్సీ ఇచ్చారు. రిటైరయ్యాక ఆరో నంబరు చొక్కాని ఇంకెవరికీ ఇవ్వకుండా దాచేశారు. విధేయత రెండు వైపులా ఉంది. ఒక వైపుది మాత్రమే పవర్‌పాయింట్లో పెట్టి మనకి చూపిస్తే ఎలా?

సరే, అసలు విషయానికొస్తా. 1994 మే 18, ఏథెన్స్. ఛాంపియన్స్ లీగ్ ఫైనల్, క్రైఫ్ కోచ్‌గా ఉన్న బార్సిలోనాతో. అటు రొమారియో, స్టోయిచ్‌కోవ్. ఇటు మిలాన్‌కి సస్పెన్షన్ వల్ల బరేసీ లేడు, కోస్తకుర్తా లేడు. డిఫెన్సు మధ్యలో ఆడే ఇద్దరూ లేరన్నమాట. మిలాన్ పని అయిపోయిందనే చాలామంది అనుకున్నారు.

మిలాన్ 4-0తో గెలిచింది.

మా మేనేజర్ గారి లెక్క ప్రకారం మర్నాడు పొద్దున్నే బరేసిని పిలిచి "మీరు లేకపోయినా బానే నడిచింది కదా" అనాలి. ఎవరూ అన్లేదు. నెల తిరక్కుండానే ప్రపంచకప్పుకి ఇటలీ కెప్టెన్‌గా వెళ్ళాడు. ఎందుకంటే ఏథెన్స్‌లో డిఫెన్సు మధ్యలో నిలబడ్డ మాల్దీని, అక్కడ ఎలా నిలబడాలో ఏళ్ళ తరబడి బరేసి పక్కన ఆడి నేర్చుకున్నవాడు. మనిషి లీవులో ఉన్నా అతని పని డ్యూటీలోనే ఉంది.

ఆ ప్రపంచకప్పులో రెండో మ్యాచ్, నార్వే మీద. బరేసి మోకాలి మెనిస్కస్ దెబ్బతింది. అక్కడే, అమెరికాలోనే ఆపరేషన్ చేశారు. సరిగ్గా 24 రోజులకి, జులై 17న, పాసడీనా మండుటెండలో ఫైనల్ ఆడాడు. 34 ఏళ్ళ మనిషి. 120 నిమిషాలు. ఎదురుగా రొమారియో, బెబెటో. స్కోరు 0-0. ఆన్‌కాల్లో ఈ మ్యాచ్ చూస్తూ నేను రెండు అలర్టులు మిస్సయ్యాను (ఇది మా మేనేజర్‌కి చెప్పొద్దు).

తర్వాత పెనాల్టీలు. ఇటలీ తరఫున మొదటిది బరేసే కొట్టాడు, బంతి బారు పైనుంచి పోయింది. బ్రెజిల్ వాళ్ళు కూడా తమ మొదటిది పోగొట్టుకున్నారు కాబట్టి లెక్క సమానమే. ఆఖర్న బాజియో కొట్టింది కూడా పైకి పోయింది, కప్పు బ్రెజిల్‌ది. బరేసి వెక్కి వెక్కి ఏడ్చాడు. ప్రపంచానికి బాజియో మిస్సు గుర్తుంది, కాస్త తెలిసినవాళ్ళకి బరేసి మిస్సు గుర్తుంది. ఆ 120 నిమిషాలు ఎంతమందికి గుర్తున్నాయి?

ఇప్పటిదాకా మీకు చెప్పని సంగతొకటుంది. అన్న లేని ఆ మూడు వారాలూ ఆన్‌కాల్లో ఉన్నది నేనే. రెండో వారంలో ఒక రాత్రి రిలీజు ఉంది. డేటాబేస్ మార్పు, బిజినెస్ వాళ్ళు తొందర పెడుతున్నారు. నేను ఆపేశాను. ఏదో మేధస్సు వెలిగి కాదు. ప్రతి రివ్యూలో అన్న అడిగే ప్రశ్న, "తేడా వస్తే వెనక్కి ఎలా తీసుకుంటావ్ రా?", చెవిలో వినపడింది. దానికి నా దగ్గర జవాబు లేదు. పొద్దున చూస్తే ఆ స్క్రిప్టు ఒక టేబుల్‌ని తుడిచిపెట్టేసేది.

ఫిబ్రవరి నెల "ఒంటిచేత్తో నడిపినందుకు" ఈ ఏడాది నాకు టాప్ రేటింగ్ వచ్చింది.

మాల్దీనితో పోల్చుకునేంత సీను నాకు లేదని తెలుసు. అందుకే నిన్న కూర్చుని మేనేజర్ గారికి ఒక మెయిల్ రాశాను. ఆ రాత్రి ఏం జరిగింది, రిలీజు ఎందుకు ఆపాను, ఆ అలవాటు ఎవరిది, అన్న పాత రివ్యూ కామెంట్లలో పదకొండు లింకులతో సహా. రెండు రేటింగులూ మళ్ళీ చూడమని అడిగాను. రెండూ అని రాయడానికి చెయ్యి కాస్త వణికిన మాట వాస్తవం, ఇంటి లోను ఈఎంఐ ఉంది మరి.

పంపేముందు అన్నకి చూపించాను. రెండుసార్లు చదివాడు. "మూడో పేరాలో డేట్ తప్పు రాశావ్, చూస్కో" అన్నాడు.